రూతమ్మ చేతులూ నా వ్యాఖ్యానమూ

సినిమా తీసి చేతులు కాల్చుకున్నవాళ్ళు లోకంలో చాలామందే ఉన్నారు. కానీ తాను తీసిన సినిమాని తానే మోసుకెళ్ళి, తానే దుప్పటి కట్టి, తానే ప్రొజెక్టరు బిగించి, నిండు సభలో తన గొంతుతోనే తన పరువు తీసుకున్నవాడు మా బళ్ళారి జిల్లా మొత్తానికి నేనొక్కడినేనని ధైర్యంగా చెప్పగలను. కాస్త సర్దుకుని కూర్చోండి. ఇది నవ్వుకోవడానికి చెబుతున్న సంగతే గానీ, ఆ రోజు నవ్వినవాళ్ళలో నేను లేను.

అప్పుడు నేను బెంగుళూరులో డాక్యుమెంటరీ చదువు ముగించుకుని కొత్తగా ఊరికొచ్చాను. కొత్త బిచ్చగాడు పొద్దెరగడంటారు. కొత్త డైరెక్టరు మనిషినే ఎరగడు. ఇంట్లో పెట్టిన పేరు ఓబులేసు. అది తెర మీద బాగుండదని 'ఓబీ' అని కత్తిరించుకుని, కార్డులు కూడా అచ్చు వేయించాను. మూతబడిన మిల్లులు, వాటి చుట్టూ బతికిన మనుషుల జ్ఞాపకాలు, ఇవీ నా విషయం. ఎవరైనా "ఏం తీస్తాండావప్పా?" అని అడిగితే "పారిశ్రామిక భూదృశ్యంలో సామూహిక స్మృతి" అని జవాబిచ్చేవాడిని. ఆ తర్వాత వాళ్ళు ఇంకేమీ అడిగేవాళ్ళు కాదు. నా గంభీరతకు జడిశారనుకునేవాడిని. జాలిపడి ఊరుకున్నారని చాలా ఆలస్యంగా తెలిసింది.

అలా తిరుగుతూ తెక్కలకోట దగ్గర ఒక పాత జిన్ను మిల్లు పట్టాను. పత్తిలోంచి గింజను విడదీసే మిల్లు. మూతబడి చాలా ఏళ్ళయింది. యంత్రాలు పాత ఇనుము కింద పోయాయి, నేలలో బోల్టులు మిగిలాయి, రేకులు సగం ఎగిరిపోయాయి. నాలాంటివాడికి అంతకన్నా ఏం కావాలి! పెళ్ళిభోజనం వాసన తగిలినవాడిలా లోపలికి దూరాను.

అసలు నిధి మిల్లులో లేదు, ఆ పక్క వీధిలో ఉంది. జిన్ను యంత్రాలన్నీ ఒక్కసారిగా నడుస్తుంటే పక్కమనిషి చెవిలో నోరు పెట్టి అరిచినా వినపడదట. అందుకని పత్తి వేసే ఆడవాళ్ళు చేతులతో ఒక భాష అల్లుకున్నారు. అన్నానికి, నీళ్ళకి, పిల్లలకి, మొగుళ్ళకి, కోడళ్ళకి, అన్నిటికీ సైగలే. మేస్త్రీ ఎదుట నిలబడి ఉండగానే, ఆ మేస్త్రీ గురించే నిక్షేపంగా మాట్లాడుకోగలిగిన భాష అది. ఈ చివరి వాక్యాన్ని మీరు జాగ్రత్తగా గుర్తుపెట్టుకోండి. నేను గుర్తుపెట్టుకోలేదు.

ఆ భాష తెలిసినవాళ్ళలో ఆ ఊళ్ళో మిగిలింది ఇద్దరే. ఒకరు రూతమ్మ, తాతల కాలం నుంచీ చర్చికి పోయే కుటుంబం. ఇంకొకరు సుంకమ్మ, ఆమెతో పాటు ఎదురెదురు యంత్రాల మీద పనిచేసిన స్నేహితురాలు. మిల్లు హోరుకు రూతమ్మ చెవులు కొంచెం కొంచెంగా పోయి, చివరికి పూర్తిగా వినపడకుండా పోయాయి. ఆమెకు మాట ఉంది. కానీ ఎంత మాట్లాడినా జవాబు వినపడదు కనుక మాట్లాడటమే మానేసింది. చదువు రాదు కాబట్టి కాగితం మీద రాసి చూపించే దారి కూడా లేదు. రోజూ సాయంత్రం సుంకమ్మ వచ్చి అరుగు మీద కూర్చుంటే, ఇద్దరి చేతులూ చీకటి పడేదాకా ఆడుతూనే ఉండేవి. మిగతా రోజంతా రూతమ్మ గోడకానుకుని కూర్చునేది.

ఈ సంగతులన్నీ చెప్పింది రూతమ్మ కోడలు గ్రేసమ్మ. ఆమె ఇంట్లోనే మిషను పెట్టుకుని జీన్సు ప్యాంట్లు కుడుతుంది. నా కెమెరా చూడగానే మిషను ఆపి బయటికొచ్చింది.

"అప్పా, నువ్వు దేవుడు పంపిచ్చినట్ల వచ్చినావు. సుంకమ్మవ్వ దీపావళి అయినంక సిరుగుప్పకి పోతాంది, కూతురింటికి. ఆయవ్వ పోతే మా అత్తతో మాట్లాడే మనిషే లేదు. నాకు వచ్చేది అన్నం, నీళ్ళు, మాత్ర, అంతే. వాటితో సంసారం నడుస్తాది గానీ మాట యాడ నడుస్తాది?"

"సుంకమ్మ మీకు నేర్పించలేదా?"

"నేర్పియ్యమంటే ఆయవ్వకి రాదప్పా. అడిగితే చేతులు కదలవు. మా అత్త ముందర కూచుంటే మాత్రం వాగు పారినట్ల వస్తాది. నువ్వు ఆ ఇద్దరినీ ఫిలిం తీసి, ఏ చేతికి ఏం మాటో సుంకమ్మవ్వతో చెప్పిచ్చి మాకియ్యి. మేం సూసుకుంటా నేర్చుకుంటాం. సాయం చేసినట్ల ఉంటాది."

"దానికేం భాగ్యమమ్మా! అంతా నేను చూసుకుంటాను" అన్నాను. నేను చూసుకుంటానన్న పనులు ఏమవుతాయో మా అమ్మకు బాగా తెలుసు. పాపం, గ్రేసమ్మకు తెలియదు.

మర్నాడు ఇద్దరినీ మిల్లుకు తీసుకెళ్ళాను. శ్రమ జరిగిన నేల పవిత్రమని బూట్లు, మేజోళ్ళు విప్పేశాను. పొద్దున హోటల్లో బొరుగుల ఉగ్గాణి, మిర్చిబజ్జీ ప్లేటు మీద ప్లేటు లాగించి ఉన్నాను గనుక కాస్త బరువుగానే కదులుతున్నాను. వాళ్ళిద్దరినీ వాళ్ళ పాత చోట్లలో ఎదురెదురుగా నిలబెట్టాను. కెమెరా పక్కన నేను కొయ్యలా నిలబడ్డాను.

"అవ్వా, నోటితో ఒక్క మాట కూడా వద్దు. మిల్లు నడిచే రోజుల్లో ఎట్లా మాట్లాడుకున్నారో అట్లాగే."

"ఏం మాట్లాడల్లప్పా?" అంది సుంకమ్మ.

"ఏదైనా సరే. మీ కళ్ళకేం కనపడితే అది. మనసుకేం తోస్తే అది."

"కండ్లకి కనపడేదా? నిజంగానా?"

"నిజంగా."

"సరి బిడు, నీ ఇష్టం" అని రూతమ్మ వైపు తిరిగి చెయ్యి ఎత్తింది.

అంతే! ఆ చేతులు గాలిలో ఎగిరాయి, తిరిగాయి, వాలాయి. రూతమ్మ ముఖంలో వెలుగొచ్చింది. ఒకచోట ఆమె భుజాలు కదిలిపోయి, కళ్ళలోంచి నీళ్ళు కారిపోయాయి. పైట చెంగుతో తుడుచుకుంటూ గోడ పట్టుకుంది. నాకు ఒళ్ళు జలదరించింది. మూతబడిన మిల్లు కోసం ఇన్నేళ్ళకీ ఆరని కన్నీరు! కెమెరాను ఆ కళ్ళ దగ్గరిదాకా తీసుకెళ్ళాను. నేను దగ్గరికి వెళ్ళేకొద్దీ ఆమె మరీ ఏడ్చింది.

తీయడం ముగిశాక సుంకమ్మ నెమ్మదిగా వచ్చి అడిగింది. "అప్పా, గ్రేసమ్మ చెప్పింది గదా. మేం ఏమనుకున్న్యామో చెప్పమంటావా?"

ఇదిగో, వినాశకాలం ఇక్కడే వచ్చింది. మా గురువుగారు తరగతిలో 'వివరణ కళకు శత్రువు' అన్నారు. ఆయన ఏ సందర్భంలో అన్నారో గుర్తులేదు గానీ, మాట మాత్రం నా నెత్తికెక్కి కూర్చుంది.

"వద్దవ్వా! చెప్పొద్దు. చెబితే అందం పోతుంది. నాకు అర్థమైంది."

"అర్థమయిందా?"

"మొత్తం."

సుంకమ్మ నన్ను పైనుంచి కిందిదాకా చూసింది. "అంతా అర్థమయి కూడా అట్లనే నిలబడినావా అప్పా?"

"మా పనే అది అవ్వా. ఏం జరిగినా కదలకుండా నిలబడటం."

"అబ్బా, నీకు శాన ఓర్పు ఉండాది" అని చేతులు జోడించింది. ఆ నమస్కారాన్ని నేను బహుమతి లాగా జేబులో వేసుకుని ఇంటికొచ్చాను.

దీపావళి వెళ్ళింది. సుంకమ్మ సోమవారం పొద్దున బస్సుకు సిరుగుప్ప పోతుందనగా, ఆదివారం సాయంత్రం చర్చి ఆవరణలో ప్రదర్శన పెట్టాం. వీధి వీధంతా వచ్చింది. గుడికి పోయేవాళ్ళు, చర్చికి పోయేవాళ్ళు, ఎక్కడికీ పోనివాళ్ళు, అందరూ చాపలు పరుచుకున్నారు. ముందు వరసలో రూతమ్మ, పక్కన సుంకమ్మ, వాళ్ళ వెనక గ్రేసమ్మ. గ్రేసమ్మ నేర్చుకోవడానికి సిద్ధంగా చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. పాస్టరయ్యగారు క్లుప్తంగా ప్రార్థన చేశారు. ఆయన క్లుప్తంగా చేస్తే పిల్లలు ఒక నిద్ర తీసి లేస్తారు.

దుప్పటి మీద బొమ్మ పడింది. రూతమ్మ రెండు చేతులూ పైకెత్తి, గాలిలోంచి ఏదో పట్టుకుని, నోటి దగ్గరి నుంచి కడుపు దాకా దించింది. వెనక నుంచి నేను ముందే రికార్డు చేసిపెట్టిన వ్యాఖ్యానం, నా గొంతే, నూతిలోంచి వచ్చినట్టు పలికింది: "ఆకాశంలోని దూదిమేఘాన్ని పట్టి తమ గర్భాన దాచుకుంటున్న శ్రామిక మాతృమూర్తులు..."

గ్రేసమ్మ ముందుకు వంగింది. "అవ్వా, గర్భమంటాండాడు? మా అత్త ఏమంటాంది?"

"అయ్యో, వద్దులేమ్మా."

"చెప్పవ్వా, దానికే గదా ఈడికొచ్చింది."

సుంకమ్మ గొంతు తగ్గించానని అనుకుంది. మిల్లులో పనిచేసిన మనిషి గొంతు ఎంత తగ్గుతుంది! "పొద్దున అన్ని ప్లేట్ల ఉగ్గాణి తిన్యాడంట గదా, ఇంత బక్క మనిషి యాడ దాచుకున్యాడో సూడు, అంటాంది."

నాలుగు చాపల మీద నవ్వు పుట్టింది. నేను ప్రొజెక్టరు వెనక చీకట్లో ఉండి, ముసలావిడ సరదాకి అంటోందనుకున్నాను. తెర మీద రూతమ్మ ముక్కు పట్టుకుంది. నా గొంతు బాధగా పలికింది: "యంత్రం ఊపిరి ఆగిపోయిన ఆ క్షణం..."

ఈసారి సుంకమ్మను ఎవరూ అడగాల్సిన పని లేకపోయింది. "యాది ఊపిరి? ఆయప్ప బూట్లు ఇప్పినాడు. మాకు ఆగిపోయింది ఊపిరి!"

ఆవరణ గొల్లుమంది. సందులోంచి పోయేవాళ్ళు సైకిళ్ళు ఆపి లోపలికొచ్చారు. తెర మీద రూతమ్మ ఏడుస్తోంది, నా గొంతు "ఆరని కన్నీరు" అంటోంది, సుంకమ్మ "నవ్వలేక సచ్చినాం ఆ పొద్దు" అంటోంది. చెప్పేవాడికి వినేవాడు లోకువంటారు. ఆ రాత్రి వినపడని రూతమ్మ ముందు చెప్పేవాడే లోకువైపోయాడు.

ఇంకా ఉంది. తెర మీద రూతమ్మ చూపుడు వేలు కిందికి, నడుము వైపు తిప్పి, ఆనక సుంకమ్మకేసి చూపించింది. సుంకమ్మ తల అడ్డంగా ఊపి, మళ్ళీ రూతమ్మకేసి చూపించింది. ఒకరికొకరు అలా చూపించుకుంటూనే ఉన్నారు. నా గొంతు పరవశించిపోయింది: "చూడండి! ఒకరి భారాన్ని ఒకరు అందుకునే శ్రామిక సౌభ్రాతృత్వం!"

జనమంతా తెర వదిలేసి సుంకమ్మ వైపు తిరిగారు. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"ఇది మాత్రం నేను చెప్పను."

"చెప్పవ్వా!"

"ఆయప్ప ఈడనే ఉండాడు. బాగుండదు."

పాస్టరయ్యగారు కలుగజేసుకున్నారు. "సత్యం పలకడానికి భయమెందుకమ్మా?"

ఆయన మీద నాకు ఇప్పటికీ కోపం తగ్గలేదు.

"ఆయప్ప ప్యాంటు జిప్పు తెర్సుకోని ఉండాది. నువ్వు చెప్పు అంటాంది రూతమ్మ. నేనేల చెప్తా, నువ్వే చెప్పు అంటాండా నేను."

దీన్ని అబద్ధమని కొట్టిపారేసే అవకాశం నాకు లేకుండా పోయింది. ఎందుకంటే, దర్శకుడు కెమెరా వెనక దాక్కోకూడదు, నిజాయితీగా తానూ తెర మీద కనపడాలి అనే ఇంకో సిద్ధాంతం కూడా నాకుండేది. సరిగ్గా ఆ తర్వాతి షాటులో, మైకు సవరించడానికి ఓబీగారు స్వయంగా తెర మీదికి విచ్చేశారు. దుప్పటి పెద్దది. ప్రొజెక్టరు మంచిది. ఎడిటింగులో ఆ షాటును ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు. చూసిందల్లా నా ముఖమే.

ఆ నవ్వును నేను వర్ణించలేను. పొట్టలు పట్టుకున్నారు, చాపల మీద దొర్లారు, పాస్టరయ్యగారు కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నారు. నేను ప్రొజెక్టరు ఆపబోయి వేరే బొత్తం నొక్కాను. బొమ్మ అక్కడే నిలిచిపోయింది.

అందరూ నవ్వుతుంటే గ్రేసమ్మ ఒక్కతే నవ్వలేదు. లేచి నా దగ్గరికొచ్చింది.

"అప్పా, మేం అడిగిందేంది, నువ్వు చేసిందేంది? ఆయవ్వ పొద్దున బస్సెక్కుతాంది. ఈ మూడు మాటలు పెట్టుకోని మా అత్తతో నేనేం మాట్లాడల్ల? పొద్దు లేస్తానే బూట్లు కంపు, జిప్పు తెర్సుకున్యాది అని చెప్పుకుంటా కూచోవల్లనా?"

అప్పటిదాకా పోయింది నా పరువే అనుకున్నాను. పోబోతున్నది రూతమ్మకున్న ఒక్క మాట అని అప్పుడు తెలిసింది. నిజంగా నాకు భూమిలోకి పోవాలనిపించింది.

అంతలో ముందు వరసలోంచి గట్టిగా ఒక గొంతు వినపడింది. చాలాకాలం వాడక తుప్పు పట్టిన గొంతు.

"ఏమే సుంకీ! వీళ్ళు నా మాటకే నవ్వతాండారా?"

రూతమ్మ లేచి నిలబడి ఉంది. తెర మీద తన చెయ్యి కదిలినప్పుడల్లా జనం నవ్వడం ఆమె గమనించింది. సుంకమ్మ తల ఊపింది. రూతమ్మ జనం వైపు తిరిగి, నమ్మలేనట్టు, నెమ్మదిగా చూపుడు వేలు కిందికి తిప్పి, పాస్టరయ్యగారికేసి చూపించింది. పాస్టరయ్యగారు గభాల్న జిప్పు కోసం తడుముకుని, ఆనక తాను కట్టుకున్నది లుంగీ అని గుర్తొచ్చి, తానూ నవ్వేసి అదే సైగ ఇంకొకరికి చేశారు. ఆ ఇంకొకరు మరొకరికి. రెండు నిమిషాల్లో ఆవరణలో ముసలీ ముతకా పిల్లా జెల్లా అందరూ ఒకరికొకరు అదే సైగ చేసుకుంటున్నారు. ఆ ఊరు ఆ భాషలో నేర్చుకున్న మొదటి వాక్యం నా జిప్పు గురించి అయినందుకు నేను గర్వపడాలో ఏడవాలో తేల్చుకోలేకపోయాను. రూతమ్మ మాత్రం అందరినీ చూస్తూ కొంగుతో కళ్ళు తుడుచుకుంది. అవి ఏ కన్నీళ్ళో చెప్పే సాహసం ఈసారి నేను చెయ్యలేదు. సుంకమ్మను అడిగాను.

"సంతోషమప్పా" అంది సుంకమ్మ. "ఇంత మందితో ఒక్కసారి మాట్లాడి ఎన్నాళ్ళాయెనో."

ఆ మాట అని, గ్రేసమ్మ వైపు తిరిగింది. "నేను రేపు పోనులేమ్మా. కూతురు యాడికి పోతాది, నాలుగు దినాలు ఆగుతాది. ఓ జిప్పప్పా, పొద్దున కెమెరా తీసుకోని రా."

ఓబీ అని అచ్చు వేయించిన కార్డులు ఇంకా మా ఇంట్లో ఉన్నాయి. ఆ ఊళ్ళో వాటి అవసరం పడలేదు.

ఆ నాలుగు రోజులూ గ్రేసమ్మ అరుగు మీద కెమెరా పెట్టాను. రూతమ్మ చేతితో చెప్పడం, సుంకమ్మ నోటితో అరవడం, అంతే. వెనక గ్రేసమ్మ మిషను చప్పుడు, కుక్కలు, ట్రాక్టర్లు. సంగీతం లేదు, వ్యాఖ్యానం లేదు, కళ అసలే లేదు. నేను తీసినవాటిలో జనం మళ్ళీ మళ్ళీ పెట్టించుకుని చూసింది అదొక్కటే.

సుంకమ్మ సిరుగుప్ప వెళ్ళింది. వెళ్ళిన మర్నాడే ఇంకో వింత జరిగింది. కూతురి ఫోన్లోంచి వీడియో కాల్ చేసింది. చెవులతో పనిలేని మాటకు వీడియో కాల్ ఎంత అనువైనదో ఫోను చేతిలో పట్టుకుని తిరుగుతున్న మాలో ఎవరికీ తట్టలేదు. పిల్లలు సైగలు మాకంటే ముందు నేర్చేశారు. ముందుగా తిట్లు నేర్చుకున్నారు, తర్వాత మిగతావి. ఆదివారం చర్చిలో వాళ్ళే రూతమ్మ పక్కన కూర్చుని ప్రసంగాన్ని చేతులతో అందిస్తున్నారట. పాస్టరయ్యగారు నాతో దిగులుగా చెప్పారు: "ఏమీ వినపడని రోజుల్లో కండ్లు ఆర్పకుండా కూచుంటా ఉండె. అర్థమయినప్పట్నుంచీ నిద్రపోతాందప్పా."

నా మనసు మాత్రం కుదుటపడలేదు. రూతమ్మకు స్వయంగా క్షమాపణ చెప్పుకోవాలనుకున్నాను. నేను తీసిన సినిమానే పెట్టుకుని, అద్దం ముందు నిలబడి, "నాది తప్పు, నీ మాట అడగకుండా నా మాట పెట్టాను, మన్నించు" అనేంత భాష నేర్చుకున్నాను. ఒక సాయంత్రం పరీక్షకు వెళ్ళే పిల్లవాడిలా తెక్కలకోటలో బస్సు దిగాను.

రూతమ్మ అరుగు మీద ఉంది. చుట్టూ పిల్లలు. ఒక చేత్తో వాళ్ళకేదో చెబుతోంది. ఎదురుగా చెంబుకు ఆనించిన ఫోన్లో సుంకమ్మ చేతులు ఊపుతోంది. ఈవిడ రెండో చేత్తో దానికి జవాబిస్తోంది. పక్కింటి కోడలు తన వంతు కోసం కాచుకుని ఉంది. నేను గొంతు, అదే, చేతులు సవరించుకుని క్షమాపణ మొదలుపెట్టాను. సగంలోనే రూతమ్మ గట్టిగా అంది:

"ఆగప్పా! ఈ పిల్లోళ్ళదయినంక, సుంకి ఫోనయినంక, ఆయమ్మదయినంక నీది."

జీన్సు ప్యాంట్ల మూట మీద కూర్చున్నాను. గ్రేసమ్మ కాఫీ ఇచ్చింది, నవ్వు ఆపుకుంటూ ఇంకోసారి ఇచ్చింది. మాట్లాడే మనిషే ఉండదని అందరం భయపడిన రూతమ్మకు ఇప్పుడు నాతో మాట్లాడే తీరిక లేదు. నా జీవితంలో ఎవరి గుమ్మంలోనూ అంత సంతోషంగా కాచుకోలేదు. ఆఖరికి పిల్లలు వెళ్ళారు, ఫోను ఆగింది, పక్కింటి కోడలు లేచింది. నేను ముందుకు జరిగి చేతులెత్తాను. రూతమ్మ తన వేళ్ళు విరుచుకుంటూ, చేతులు రెండూ ఒళ్ళో పెట్టేసుకుంది.

"ఈ పొద్దు కాదప్పా, రేపు రా. మాట్లాడి మాట్లాడి చేతులు నొస్తాండాయి."

కాబట్టి పాఠక మహాశయులారా, తెక్కలకోట బస్టాండులో ఆఖరి బస్సు కోసం నిలబడి, కెమెరా సంచీ మీద కుడిచెయ్యి వేసి నేను చేసిన ప్రమాణం ఇది: ఇక ఈ జన్మలో, ఎదుటి మనిషి 'ఏమన్నానో చెప్పమంటావా?' అని అడిగితే, 'నాకు అర్థమైంది' అని చచ్చినా అనను. నిజంగా అర్థమైనా సరే, అనను.